ఒకే ఇంటిపేరా, రెండా, అసలు లేకపోవడమా: యూరప్ పేర్లలో ఏది మేలు?

డెన్మార్క్‌లో ఏ వీధికెళ్ళినా ఒక యెన్సెన్ తగులుతాడు. యెన్సెన్ అంటే యెన్స్ కొడుకు అని అర్థం. తీరా అడిగితే ఆయన నాన్న పేరు యెన్స్ అయ్యుండదు, తాత పేరూ అయ్యుండదు. ఎన్ని తరాల వెనకో ఒక యెన్స్ ఉండేవాడు, ఆయన పేరు అలా గడ్డకట్టి మిగిలిపోయింది. ఇంకా చిత్రమేమంటే యెన్సెన్ గారి అమ్మాయి కూడా యెన్సెనే. పాపం, కాగితాల మీద ఆ పిల్ల ఎవరో యెన్స్‌కి కొడుకుగా చలామణీ అయిపోతోంది.

ఐస్‌లాండ్‌లో ఈ తిరకాసు లేదు. అక్కడ యోన్సోన్ అంటే నాన్న పేరు యోన్, అంతే. ఆయన చెల్లెలు యోన్స్‌దోత్తిర్. అక్కడ చాలామందికి ఇంటిపేరన్నదే ఉండదు. స్పెయిన్‌ది పూర్తిగా వేరే దారి. మనిషికి రెండేసి ఇంటిపేర్లు, ఒకటి నాన్న వైపుది, ఇంకోటి అమ్మ వైపుది.

మరి వీటిలో ఏది మేలు? పేరు అబద్ధం చెప్పకూడదు. పెళ్ళయిందని ఆడమనిషి పేరు చెరిగిపోకూడదు. పొలిమేర దాటినా పేరుతో పని జరగాలి. నేను చూసేది ఈ లెక్కనే. వినసొంపుగా ఉందా లేదా అన్నది పక్కన పెడతాను, ఎందుకంటే వినసొంపుకే మార్కులేస్తే ఇటలీవాళ్ళు పోటీకి రాకముందే గెలిచేస్తారు.

అసలు ఇంటిపేరుతో పనెందుకు పడిందంటే, మధ్యయుగాల యూరప్‌లో పిల్లలకి పెట్టే పేర్లు బహు తక్కువ. బాప్తిస్మం ఇచ్చేటప్పుడు ఎక్కువగా పునీతుల పేర్లలోంచే ఏరుకునేవారు. వాటిలో రాజా పేరు యోహాను. మన తెలుగు బైబిల్లో కనిపించే యోహానే. హీబ్రూలో దేవుడు దయచూపాడని దాని అర్థం. అదే ఇంగ్లండ్‌లో జాన్, స్పెయిన్‌లో హువాన్, రష్యాలో ఇవాన్, హంగరీలో యానోష్ అయింది. డెన్మార్క్‌లో యెన్స్ అనీ హాన్స్ అనీ రెండు రకాలుగా విడిపోయింది. కాబట్టి యెన్సెన్, హాన్సెన్, స్వీడన్ యోహాన్సన్, ఇంగ్లండ్ జాన్సన్, వేల్స్ జోన్స్, వీళ్ళంతా యోహాను కొడుకులే. పీటర్సన్, పెడర్సెన్, స్పెయిన్ పెరెజ్‌లది పేతురు వంశం.

ఊళ్ళో పదిమంది జాన్‌లుంటే పన్ను వసూలుకొచ్చినవాడు ఎవరి తలుపు తట్టాలి? కమ్మరి జాన్, వాగుపక్క జాన్, రాబర్ట్ కొడుకు జాన్, పొట్టి జాన్ అని రాసుకోవాల్సిందే. ఇంగ్లండ్‌లో 1400 నాటికి చాలా కుటుంబాల్లో ఈ గుర్తులు తండ్రి నుంచి పిల్లలకి దిగే ఆస్తి అయిపోయాయి. కొలిమి ఆరిపోయినా స్మిత్ స్మిత్‌గానే మిగిలాడు. జర్మనీ ష్మిట్, హంగరీ కొవాచ్, ఇటలీ ఫెరారీ కూడా కమ్మరులే. ఆ ఎర్రకారు కొనుక్కున్నవాళ్ళకి ఈ సంగతి ఎవరైనా చెప్పారో లేదో.

గడ్డకట్టిన పేరుకి ఒక సుగుణం ఉంది, కాదనను. నాలుగు తరాల చర్చి రిజిస్టర్లు తిరగేస్తే ఒక వంశాన్ని దారం పట్టుకున్నట్టు పట్టుకుపోవచ్చు. కాకపోతే ఆ దారం ఎప్పుడూ మగవాళ్ళ చేతుల్లోంచే వస్తుంది. పైగా ఏ గందరగోళం తీర్చడానికి పుట్టిందో మళ్ళీ ఆ గందరగోళంలోకే తీసుకెళ్ళి పడేసిన చోట్లున్నాయి. వేల్స్‌నే చూడండి. ఒకప్పుడు అక్కడ ‘ఆప్’ అంటే కొడుకు. రీస్ కొడుకు ఆప్ రీస్, హవెల్ కొడుకు ఆప్ హవెల్. ఇంగ్లిష్ పాలన, ఇంగ్లిష్ రిజిస్టర్లు వచ్చాక అవి నలిగి ప్రైస్, పవెల్ అయ్యాయి. మిగతావాళ్ళు నాన్న పేరునే ఇంటిపేరు చేసుకున్నారు. నాన్నల పేర్లేమో నాలుగైదే. అలా దేశం నిండా జోన్స్‌లు, డేవీస్‌లు, విలియమ్స్‌లు, ఎవాన్స్‌లు. తమాషా ఏంటంటే, వేల్స్ భాష సంప్రదాయ వర్ణమాలలో ‘జ’ అక్షరమే లేదు. చివరికి ఊరివాళ్ళు మళ్ళీ పాల జోన్స్, రొట్టెల జోన్స్ అని పిలుచుకోక తప్పలేదు. ఆ పన్నులవాడు పడ్డ పాటే మళ్ళీ మొదటికొచ్చింది.

డెన్మార్క్‌లో ప్రభుత్వమే పూనుకుంది. అక్కడి రైతులు ఐస్‌లాండ్ తరహాలోనే తరానికో కొత్త పేరు పెట్టుకునేవారు. పిల్లలకి బాప్తిస్మం ఇచ్చేటప్పుడు స్థిరమైన ఇంటిపేరు కూడా రాయించాలని 1828లో ఆజ్ఞ వచ్చింది. జనం చేతికందిన నాన్న పేరో తాత పేరో పట్టుకుని ఆగిపోయారు. కూతురు అని చెప్పే ‘దాటర్’ ఆ ఊపులో కొట్టుకుపోయింది, ‘సెన్’ నిలబడిపోయింది. చివరికి సెన్‌లు మరీ ఎక్కువైపోయి, వేరే పేర్లకి మారడాన్ని సులువు చేస్తూ 1904లో ఇంకో చట్టం తేవాల్సి వచ్చింది.

ఒంటి ఇంటిపేరు పద్ధతిలో నాకు అసలు మింగుడుపడనిది పెళ్ళి. మార్గరెట్ థాచర్ ఇంటిపేరుకి గడ్డితో ఇంటికప్పు వేసేవాడని అర్థం. అది భర్త డెనిస్ ఇంటిపేరు, ఆవిడ పుట్టింటిది రాబర్ట్స్. అంగేలా మెర్కెల్ సంగతి ఇంకా విచిత్రం. పుట్టింటి పేరు కాస్నర్. 1977లో మెర్కెల్ అనే ఆయన్ని పెళ్ళి చేసుకున్నారు, 1982లో విడిపోయారు. పేరు మాత్రం వదల్లేదు. తర్వాత పెళ్ళాడిన ఆయన ఇంటిపేరు జావర్. అంటే జర్మనీని పదహారేళ్ళు నడిపిన మనిషి అటు తండ్రి పేరుతోనూ కాదు, ఇటు ఉన్న భర్త పేరుతోనూ కాదు, మాజీ భర్త పేరుతో చరిత్రకెక్కారు.

హంగరీలో ఇది పరాకాష్ఠ. మనలాగే వాళ్ళకీ ఇంటిపేరు ముందు, సొంతపేరు తర్వాత. వాళ్ళ సంగీతకారుణ్ణి వాళ్ళు బార్తోక్ బేలా అనే అంటారు. బయటి దేశాలకెళ్తే ఆ వరస తలకిందులవుతుంది. విదేశాల్లో పాస్‌పోర్ట్ చూపించి, ఎవరో తనని ఇంటిపేరుతో పిలుస్తుంటే తననే అని తెలుసుకోడానికి ఒక క్షణం పట్టిన తెలుగువాళ్ళకి ఆ బాధ వేరే చెప్పక్కర్లేదు. అంతవరకు చుట్టరికమే. అయితే వాళ్ళ పాత సంప్రదాయంలో కొవాచ్ యానోష్ అనే ఆయన భార్య పేరు కొవాచ్ యానోష్‌నే. ఆ చివరి ‘నే’ వాళ్ళ భాషలో భార్య అని చెప్పే ముక్క, అంటే యానోష్ పెళ్ళాం. ఇంటిపేరుతోపాటు ఆవిడ సొంతపేరూ గల్లంతు.

ఇక ఐస్‌లాండ్. సోన్, దోత్తిర్ అన్న మాటలు మనకి అంత కొత్తవేం కావు. సంస్కృతంలోంచి మనకొచ్చిన సూనుడికీ దుహితకీ అవి దూరపు చుట్టాలే. పద్ధతీ తెలిసిందే. జనకుడి కూతురు జానకి, ద్రుపదుడి కూతురు ద్రౌపది, దశరథుడి కొడుకు దాశరథి. ఆ దాశరథే మనదగ్గర ఇంటిపేరుగా స్థిరపడిన చోట మళ్ళీ యెన్సెన్ కథ. కుంతి కొడుకు కౌంతేయుడైనట్టు ఐస్‌లాండ్‌లో అమ్మ పేరూ పెట్టుకోవచ్చు. ఇంగ్లండ్ క్లబ్బుల్లో ఆడిన ఫుట్‌బాలర్ హెయ్దార్ హెల్గుసోన్ అలా హెల్గా కొడుకు.

అక్కడ మనిషి పేరంటే సొంతపేరే. ఫోన్ డైరెక్టరీ కూడా దాని వరసలోనే ఉండేది. 1980లో దేశాధ్యక్షురాలిగా గెలిచిన విగ్దీస్ ఫిన్‌బోగాదోత్తిర్‌ని జనం విగ్దీస్ అనే అంటారు. ఫిన్‌బోగాదోత్తిర్ అన్నది పిలుపు కాదు, ఫలానా ఫిన్‌బోగి కూతురు అనే ఒక సమాచారం. పెళ్ళయితే ఎవరి పేరూ మారదు. మారడానికి ఏముంది? ఆవిడ మొగుడికి కూతురు కాదు కదా.

నిజం చెప్పే విషయంలో, ఆడవాళ్ళ విషయంలో ఐస్‌లాండ్‌ని మించినది లేదు. చిక్కంతా పొలిమేర దాటాకే. తండ్రి యోన్ ఐనార్సోన్, తల్లి గుడ్రూన్ స్తెఫాన్స్‌దోత్తిర్, కొడుకు ఓలాఫుర్ యోన్సోన్, కూతురు కత్రీన్ యోన్స్‌దోత్తిర్ అనుకోండి. నలుగురికీ నాలుగు పేర్లు. వేరే దేశం విమానాశ్రయంలో ఈ పిల్లలు మీ పిల్లలేనా అని అడిగితే అధికారిని తప్పుపట్టలేం. ఇంట్లో మాత్రం ఈ పద్ధతి నడుస్తోంది, ఎందుకంటే జనాభా నాలుగు లక్షల లోపు. వంశావళులు శతాబ్దాలుగా రాసిపెట్టుకున్నారు. ప్రతి మనిషికీ పది అంకెల గుర్తింపు సంఖ్య ఉంది. గుర్తుపట్టే బరువంతా ఆ అంకెలే మోస్తుంటే పేరు హాయిగా పేరులా ఉండగలుగుతోంది.

అక్కడ సర్కారు పెత్తనమూ తక్కువేం కాదు. నాన్న పేరుకి షష్ఠీ విభక్తి చేరితేనే పిల్లల పేరు తయారవుతుంది, అందుకని కొత్త పేరు ఏదైనా వాళ్ళ వ్యాకరణానికి లొంగాలి. ఆ సంగతి చూడ్డానికి 1991 నుంచి ఒక పేర్ల సంఘమే ఉంది. ఒక తల్లి కూతురికి బ్లైర్ అని పెట్టుకుంది. పిల్లగాలి అని అర్థం. ఆ మాట పుంలింగం కనక ఆడపిల్లకి కుదరదన్నారు. 2013లో కోర్టు ఒప్పుకునేదాకా, అంటే ఆ అమ్మాయికి పదిహేనేళ్ళు వచ్చేదాకా, సర్కారు కాగితాల్లో ఆమె పేరు స్తూల్కా. అంటే పిల్ల. గాలి తీసేసి పిల్లనొక్కటే ఉంచారన్నమాట.

స్పెయిన్‌లో ఇంత కథ లేదు. లూయిస్ పెరెజ్ రూయిజ్‌కీ ఆనా గార్సియా లోపెజ్‌కీ పుట్టిన మరియా, మరియా పెరెజ్ గార్సియా అవుతుంది. పెళ్ళితో ఎవరి పేరూ మారదు. అన్నదమ్ములు, అక్కచెల్లెళ్ళందరికీ అవే రెండు పేర్లు. అమ్మానాన్నలతో ఒక్కొక్క పేరైనా కలుస్తుంది, కాబట్టి విమానాశ్రయం గొడవ సగం తీరినట్టే. ఇంగ్లిష్ దేశాల బ్యాంకులు రహస్య ప్రశ్నగా మీ అమ్మగారి పుట్టింటి పేరేంటని అడిగేవి కదా. స్పెయిన్‌లో ఆ రహస్యం ఇంటి తలుపు మీద నేంప్లేట్‌లోనే ఉంటుంది.

వాళ్ళ రెండో పేరు అలంకారం కాదు, చేతికందే వస్తువు. పాబ్లో రూయిజ్ పికాసోకి నాన్న నుంచి వచ్చింది రూయిజ్. ఆ పేరువాళ్ళు బోలెడుమంది. అమ్మ నుంచి వచ్చిన పికాసో అరుదు. ఆయన దాన్నే సంతకం చేసుకున్నాడు. 2004లో ప్రధాని అయిన రోద్రీగెజ్ సపతేరోని జనం సపతేరో అనే అన్నారు. చెప్పులు కుట్టేవాడని దాని అర్థం. మనవాళ్ళు మార్క్వెజ్ అని ముద్దుగా పిలుచుకునే కొలంబియా రచయిత గార్సియా మార్క్వెజ్‌దీ స్పెయిన్ పద్ధతే. మార్క్వెజ్ వాళ్ళమ్మ ఇంటిపేరు, లైబ్రరీలో ఆయన కోసం వెతకాల్సింది గార్సియా దగ్గర.

ఇందులోనూ ఒక మెలిక ఉంది. మరియాకి వచ్చిన గార్సియా నిజానికి ఆనా నాన్న ఇంటిపేరు. అమ్మ పేరు అనుకుంటున్నది తాతగారి పేరే. అమ్మమ్మ నుంచి వచ్చిన లోపెజ్ మరియా దగ్గరికొచ్చేసరికి జారిపోయింది. తల్లిదండ్రులు ఒప్పుకుంటే పిల్లలకి మొదటినుంచే అమ్మవైపు పేరు ముందు పెట్టే వీలు 1999లో వచ్చింది. 2017 నుంచి నాన్నదే ముందన్న ఆనవాయితీ కూడా చట్టంలో లేదు, తల్లిదండ్రులే తేల్చుకుని చెప్పాలి. అయితే అమ్మదే ముందు పెట్టినా, ఆవిడ రెండు పేర్లలో పిల్లలకి దిగేది ఒక్కటే.

అయినా నా ఓటు స్పెయిన్‌కే. ఐస్‌లాండ్ పేరు ఎక్కువ నిజాయితీగలది, కానీ దానికి చిన్న దేశం, అంకెల కార్డు, సర్దుకుపోయే ఇరుగుపొరుగు కావాలి. స్పెయిన్ పేరు ఎక్కడికి పోయినా కాస్త నలుగుతుంది తప్ప విరిగిపోదు. గడ్డకట్టిన ఒంటి పేరుది మూడోస్థానం, అదీ చాలా దూరంలో. నమ్మకం కలక్కపోతే మెర్కెల్‌ని మళ్ళీ పిలుద్దాం. నాన్న హోర్స్ట్ కాస్నర్, అమ్మ పుట్టింటి పేరు యెంట్ష్. ఐస్‌లాండ్‌లో పుట్టి ఉంటే ఆవిడ అంగేలా హోర్స్ట్స్‌దోత్తిర్. స్పెయిన్‌లో అయితే అంగేలా కాస్నర్ యెంట్ష్. ఈ రెండు చోట్లా ఆ మాజీ భర్త పేరు ఏ ఎన్నికల గోడపత్రిక మీదా పడి ఉండేది కాదు.