లిబ్‌సీపీయూపవర్: చదవడానికి భేషుగ్గా ఉంది, రాసేటప్పుడే జాగ్రత్త

లినక్స్‌లో ప్రాసెసర్ ఫ్రీక్వెన్సీ, గవర్నర్ (ఫ్రీక్వెన్సీ ఎప్పుడెంత ఉండాలో నిర్ణయించేది), ఐడిల్ స్టేట్‌లు (పనిలేనప్పుడు కోర్ వెళ్లే విశ్రాంతి స్థితులు) సీ ప్రోగ్రాం నుంచి చూడాలన్నా మార్చాలన్నా ముందుగా చేతికందే షేర్డ్ లైబ్రరీ లిబ్‌సీపీయూపవర్. సీపీయూపవర్ కమాండు వెనకాల ఉన్నది ఇదే. పాత సీపీయూఫ్రీక్‌యుటిల్స్ స్థానంలో 2011లో, కెర్నెల్ 3.1 వెర్షన్‌తో, నేరుగా దాని సోర్సులోకే వచ్చి చేరింది. టూల్స్ ఫోల్డర్‌లో పవర్, అందులో సీపీయూపవర్ తెరిస్తే సోర్సంతా కనిపిస్తుంది. సీ తెలిసినవాళ్లు ఒక పూట కూర్చుంటే మొత్తం చదివేయొచ్చు. చదవమనే నా సలహా, ఎందుకంటే దీని డాక్యుమెంటేషన్ చాలావరకు హెడర్ ఫైళ్లలోని కామెంట్లే.

ఇది చేసే పని సూటిగా ఉంటుంది. సిస్‌ఎఫ్‌ఎస్‌లో (కెర్నెల్ తన సమాచారాన్ని ఫైళ్లుగా చూపించే చోటు) ఒక్కో కోర్ కింద ఉన్న ఫైళ్లు తెరిచి, చదివి, అంకెగా మార్చి ఇస్తుంది. అంతమాత్రానికి లైబ్రరీ ఎందుకు, ఫైలు మనమే తెరుచుకోవచ్చు కదా అని అడిగేవాళ్లకి ఒక్క ఉదాహరణ చాలు. ఒక కోర్ పరిమితులు 800000 నుంచి 1600000 దాకా ఉన్నాయనుకోండి (అన్నీ కిలోహెర్ట్జ్‌లోనే, 1600000 అంటే 1.6 గిగాహెర్ట్జ్). వాటిని 2400000, 3200000కి మార్చాలి. కనిష్ఠాన్ని ముందు రాస్తే అది ఉన్న గరిష్ఠాన్ని దాటిపోతుంది, పాత కెర్నెళ్లు ఆ రాతను తిప్పికొట్టేవి. పైనుంచి కిందికి దించేటప్పుడు ఇదే చిక్కు తిరగబడుతుంది. పాలసీ మొత్తాన్ని (కనిష్ఠం, గరిష్ఠం, గవర్నర్) ఒకేసారి సెట్ చేసే ఫంక్షన్ ముందు పాత కనిష్ఠాన్ని చదువుతుంది. కొత్త గరిష్ఠం దానికంటే తక్కువైతే కనిష్ఠాన్ని ముందు రాస్తుంది, లేదంటే గరిష్ఠాన్ని. ఆ తర్వాతే గవర్నర్. చేత్తో రాసిన షెల్ స్క్రిప్టుల్లో చాలావాటికి లేనిది ఈ వరసే. కనిష్ఠం, గరిష్ఠం విడివిడిగా మార్చే ఫంక్షన్లు కూడా ఉన్నాయి గానీ, రెండూ మార్చాల్సి వస్తే పాలసీ ఫంక్షన్‌నే పిలవండి.

చదివే వైపు పెద్దగా వంక పెట్టడానికి లేదు. హార్డ్‌వేర్ పరిమితులు, అందుబాటులో ఉన్న గవర్నర్లు, ఒకే క్లాకు పంచుకునే కోర్ల జాబితా, ఏ ఫ్రీక్వెన్సీలో ఎంతసేపు గడిచిందన్న లెక్క, అన్నీ వస్తాయి. జాబితాలు లింక్డ్ లిస్టులుగా వస్తాయి, ప్రతి గెట్‌కి జోడీగా ఒక పుట్ ఉంటుంది. అందులో ఏ నోడ్ ఇచ్చినా అదే మొదటి నోడ్‌కి వెళ్లి అక్కణ్నుంచి అన్నీ విడుదల చేస్తుంది. దాన్ని మానేసి మామూలు ఫ్రీ పిలిస్తే ఒక్క నోడే పోతుంది, మిగతా నోడ్లూ వాటిలోని పేర్లూ మెమరీలో ఉండిపోతాయి. సెకనుకోసారి ఈ వివరాలు చదివే డీమన్‌లో (వెనకాల నడుస్తూనే ఉండే ప్రోగ్రాం) ఈ లీకు రోజుల తరబడి పెరుగుతూనే ఉంటుంది.

ప్రస్తుత ఫ్రీక్వెన్సీకి రెండు దారులున్నాయి: కెర్నెల్ చెప్పేది, హార్డ్‌వేర్‌ని అడిగేది. రెండోదానికి రూట్ అనుమతి కావాలి. పైగా ఇంటెల్ పీస్టేట్ అనే ఫ్రీక్వెన్సీ డ్రైవర్ యాక్టివ్ మోడ్‌లో ఉంటే ఆ ఫైలే ఉండదు. సీపీయూపవర్ కమాండులో హార్డ్‌వేర్‌ని పిలవలేకపోయాం అనే అర్థం వచ్చే లైను చూసి మెషీన్ పాడైందని కంగారుపడేవాళ్లు ఉంటారు. అక్కడ పాడైంది ఏమీ లేదు, కెర్నెల్ చెప్పే విలువ తీసుకుంటే సరిపోతుంది. చదవలేకపోతే ఈ ఫంక్షన్లు 0 ఇస్తాయి. కోర్ ఆఫ్‌లైన్‌లో ఉన్నా 0, డ్రైవర్ లేకున్నా 0. కోర్ ఆన్‌లైన్‌లో ఉందో లేదో చెప్పే ఫంక్షన్ ఇందులోనే ఉంది, ముందు దాన్ని అడగండి.

అసలు తలనొప్పి రాసే వైపు. సీపీయూఫ్రీక్ భాగంలో (ఫ్రీక్వెన్సీ పని చూసేది) రాత విఫలమైతే, కారణం ఏదైనా సరే, చేతికొచ్చేది దాదాపు ఒకే కోడ్: డివైజ్ లేదు అని. అనుమతి లేకపోయినా అదే, కెర్నెల్ విలువను ఒప్పుకోకపోయినా అదే. రూట్‌గా నడపడం మర్చిపోయినవాళ్లు డ్రైవర్ కోసం వెతుక్కునేది ఇందుకే. విచిత్రమేమిటంటే, ఇదే లైబ్రరీలోని సీపీయూఐడిల్ భాగం ఈ పని చక్కగా చేస్తుంది. ఐడిల్ స్టేట్‌ని ఆపే ఫంక్షన్ స్టేట్ నంబరు తప్పయితే మైనస్ 1, కెర్నెల్‌లో ఆ సౌకర్యం లేకపోతే మైనస్ 2, రాసే అనుమతి లేకపోతే మైనస్ 3 ఇస్తుంది. ఆ మర్యాద ఫ్రీక్వెన్సీ వైపు కూడా ఉండాల్సింది. అది లేదు కాబట్టి, రాసే ముందు ఆ ఫైలుకి అనుమతి ఉందో లేదో మీ ప్రోగ్రాంలోనే చూసుకోవాలి.

ఫ్రీక్వెన్సీని ఒక విలువ దగ్గర నిలిపే ఫంక్షన్ విషయంలో ఇంకా జాగ్రత్త కావాలి. గవర్నర్ యూజర్‌స్పేస్ (ఫ్రీక్వెన్సీని ప్రోగ్రాంలకే వదిలేసేది) కాకపోతే అది చెప్పకుండానే యూజర్‌స్పేస్‌కి మార్చేస్తుంది, తిరిగి పాతదానికి మార్చదు. పని అయ్యాక పాత గవర్నర్‌ని మీరే పెట్టాలి, అందుకని దాని పేరు ముందే దాచుకోండి. ఇంటెల్ పీస్టేట్, ఏఎండీ పీస్టేట్ యాక్టివ్ మోడ్‌లలో అసలు యూజర్‌స్పేస్ గవర్నరే లేదు. పర్ఫార్మెన్స్, పవర్‌సేవ్ రెండే ఉంటాయి, కాబట్టి అక్కడ ఈ ఫంక్షన్ పనిచేయదు. ఆ మోడ్‌లలో పవర్‌సేవ్ అంటే అడుగున కట్టేయడం కాదు, లోడ్‌ని బట్టి ఫ్రీక్వెన్సీ పెరుగుతుంది. పాత డ్రైవర్ల పవర్‌సేవ్‌తో పోల్చి అపార్థం చేసుకోవద్దు.

లోటు ఒకటి గట్టిగా చెప్పాలి. ఎనర్జీ పర్ఫార్మెన్స్ ప్రిఫరెన్స్‌ని (వేగం వైపా, కరెంటు ఆదా వైపా అన్న మొగ్గు) మార్చే కోడ్ సీపీయూపవర్ కమాండులో ఉంది, లైబ్రరీలో లేదు. పీస్టేట్ యాక్టివ్ మోడ్‌లో పనికొచ్చే మీట ముఖ్యంగా అదే, దానికోసం మళ్లీ సిస్‌ఎఫ్‌ఎస్ ఫైలు చేత్తో రాసుకోవాల్సిందే. లైసెన్సు జీపీఎల్ 2, సోర్సు ఇవ్వని ప్రోగ్రాంలకీ లింక్ చేయనిచ్చే ఎల్‌జీపీఎల్ కాదు. సోర్సు ఇవ్వని ప్రోగ్రాంకి దీన్ని లింక్ చేయాలనుకునేవాళ్లు ముందే ఆలోచించుకోవాలి. పైథాన్ వాడేవాళ్లకి 6.12 కెర్నెల్ సోర్సు నుంచి బైండింగ్స్ (ఈ లైబ్రరీని పైథాన్ నుంచి పిలవనిచ్చే కోడ్) దొరుకుతున్నాయి.

ఇన్‌స్టాల్ విషయానికొస్తే, డెబియన్‌లో ప్యాకేజీ పేరు లిబ్‌సీపీయూపవర్1, హెడర్లకి లిబ్‌సీపీయూపవర్ డెవ్. పేరు చివరి 1కి కథ ఉంది. 2016లో 4.7 కెర్నెల్‌తో కొన్ని ఫంక్షన్ల పేర్లు మారాయి, కొన్నిటిని తీసేశారు. పాత ప్రోగ్రాంలు కొత్త లైబ్రరీతో నడవవు, అయినా అసలు సోర్సులో సోనేమ్ (ప్రోగ్రాం లోడయ్యేటప్పుడు లైబ్రరీని వెతికే పేరు, చివర్లో వెర్షన్ అంకెతో) 0 దగ్గరే ఉండిపోయింది. డెబియన్ తన ప్యాచ్‌తో 1 చేసుకుంది. అసలు సోర్సు ఆ దారికి చాలా ఏళ్ల తర్వాత గానీ రాలేదు. అందుకే ఒక డిస్ట్రోలో కంపైల్ చేసిన బైనరీని ఇంకోదానికి తీసుకెళ్తే షేర్డ్ ఆబ్జెక్ట్ దొరకలేదనే ఎర్రర్ వస్తుంది. అప్పుడు 0 పేరుతో 1కి సిమ్‌లింక్ (ఇంకో ఫైలుని చూపే మారుపేరు) పెట్టి సర్దేయకండి. ఎర్రర్ పోతుంది గానీ, లేని ఫంక్షన్ని పిలిచినచోట ప్రోగ్రాం ఆగిపోతుంది. తిరిగి కంపైల్ చేయడమే సరైన మందు.

సోర్సు నుంచి కట్టుకునేవాళ్లకి లిబ్‌పీసీఐ హెడర్లు, గెట్‌టెక్స్ట్ ముందే ఉండాలి, లేకపోతే మేక్ మధ్యలో ఆగుతుంది. మేక్ ఇన్‌స్టాల్ అయ్యాక ఎల్‌డీకాన్ఫిగ్ (లోడర్ వాడే లైబ్రరీల జాబితాని తాజా చేసే కమాండు) నడపండి. అప్పటికీ ఫైలు దొరకలేదంటే, లైబ్రరీ వెళ్లి కూర్చున్న ఫోల్డర్ లోడర్ వెతికే దారిలో లేదని అర్థం. సీపీయూపవర్ కమాండు మీద ఎల్‌డీడీ (ప్రోగ్రాం ఏ లైబ్రరీలు లోడ్ చేస్తుందో చూపే కమాండు) నడిపి, లిబ్‌సీపీయూపవర్ లైనులో బాణం గుర్తు తర్వాత ఏ ఫోల్డర్ కనిపిస్తోందో చూడండి. ప్యాకేజీతో వచ్చిన కాపీ, మీరు కట్టిన కాపీ రెండూ మెషీన్‌లో ఉంటే ఏది లోడవుతోందో అక్కడే బయటపడుతుంది.