స్లో కుక్కర్‌లో మాంసం, కూరగాయల భోజనం: రెండు చలికాలాల వాడకం తరువాత

మా ఇంట్లో ఇద్దరమూ ఉదయం ఏడున్నరకే ఉద్యోగాలకు బయలుదేరి, సాయంత్రం ఆరు గంటలకు ఇల్లు చేరతాము. ఒహాయో రాష్ట్రంలో డిసెంబరు నెలలో ఆ వేళకు బాగా చీకటి పడిపోయి ఉంటుంది. కోటు విప్పి, ఉల్లిపాయలు తరిగి, మాంసం కడిగి వంట మొదలుపెట్టే ఓపిక ఇద్దరిలో ఎవరికీ మిగలదు. ఉదయం పెట్టి వెళ్లిన కూర సాయంత్రానికి తనంతట తానే సిద్ధంగా ఉంటుందన్న ఆశతోనే స్లో కుక్కర్, అంటే కరెంటుతో తక్కువ సెగ మీద గంటల తరబడి వండే పాత్ర, కొన్నాము. ఆ ఆశ నిజంగానే తీరింది గానీ, తీరడానికి దాదాపు ఒక చలికాలం పట్టింది. మొదటి నెల రోజులూ తలుపు తీయగానే మాకు ఎదురువచ్చింది కూర ఘుమఘుమ కాదు, వేగని అల్లం వెల్లుల్లి పచ్చి వాసన.

మేము కొన్నది 6 క్వార్ట్‌ల కోలాకారపు పాత్ర; మన కొలతలో 5.7 లీటర్ల దాకా పడుతుంది. బయట లోహపు తొట్టి, అందులో విడిగా తీయగలిగిన బరువైన పింగాణీ గిన్నె, పైన గాజు మూత, ముందువైపు ఆఫ్, వార్మ్, లో, హై అని నాలుగు గుర్తులున్న నాబ్: ఇంతకుమించి ఇందులో యంత్రాంగం లేదు. వేడి ప్రధానంగా గిన్నె పక్కల చుట్టూ అమర్చిన తీగ నుండి వస్తుంది. మన పొయ్యిలాగా అడుగున ఒకచోట మంట తగలదు కాబట్టి, గంటల తరబడి కలియబెట్టకపోయినా కూర అడుగంటదు. హై అంటే ఎక్కువ వేడి, లో అంటే తక్కువ వేడి అని నేను చాలా రోజులు అనుకున్నాను. నిజానికి చాలా రకాల కుక్కర్లలో రెండింటి గమ్యమూ ఒక్కటే, నీళ్లు తెర్లే స్థాయికి కొంచెం దిగువన ఉండే వేడి. హైలో మూడు నాలుగు గంటల్లో అయ్యే వంట లోలో ఏడెనిమిది గంటలు తీసుకుంటుంది, అంతే.

ఈ పాత్ర పుట్టుకకు కూడా ఇంటి వంటతోనే సంబంధం ఉంది. ఇర్వింగ్ నాక్సన్ అనే అమెరికా యూదు ఇంజనీరు తన తల్లి చెప్పిన చిన్ననాటి జ్ఞాపకం నుండి దీన్ని ఊహించాడు. లిథువేనియాలో యూదులు శుక్రవారం పొద్దు గూకక ముందే చిక్కుళ్లు, మాంసం, దుంపలు కుండలో వేసి ఊరి రొట్టెల బట్టీలో పెట్టేవారు. విశ్రాంతి దినమైన శనివారం పొయ్యి ముట్టించకుండానే వేడి భోజనం దొరికేది. నాక్సన్ పాత్రకు 1940లో పేటెంటు వచ్చింది. కాన్సాస్ సిటీకి చెందిన రైవల్ సంస్థ ఆ వ్యాపారాన్ని కొని, 1971లో క్రాక్‌పాట్ అన్న పేరుతో అమ్మకానికి పెట్టాక ఇది అమెరికా వంటిళ్లలో స్థిరపడింది. మనకు మాత్రం ఇందులో కొత్తేమీ లేదు. ఉదయం దాలిలో పిడకల మీద పెట్టిన పాలు సాయంత్రానికి మందపాటి మీగడ కట్టి ఎర్రబడే ఇళ్లలో పెరిగినవారికి, సెగ తక్కువగా ఉండి పొద్దు ఎక్కువగా ఉంటే ఏమవుతుందో ఎవరూ వివరించనక్కరలేదు.

మొదటి వంట కుక్కర్‌తో వచ్చిన చిన్న పుస్తకంలోని పాట్ రోస్ట్. అమెరికన్లు దీనికి ఆవు భుజం మాంసం వాడతారు. మేము ఒక ఆదివారం 3 పౌండ్ల గొర్రె భుజంతో చేశాము. మాంసం, బంగాళాదుంపలు, క్యారెట్లు, ఉల్లిపాయలు, కాస్త నీరు అన్నీ ఒకేసారి వేసి మూతపెట్టమని పుస్తకం చెప్పింది, అలాగే చేశాము. ఎనిమిది గంటల తరువాత మాంసం గరిటె తగిలితే విడిపోయేంత మెత్తగా ఉంది గానీ, మాంసం మీద పరచిన క్యారెట్ ముక్కలు పంటికింద కరకరలాడాయి. కారణం తరువాత తెలిసింది. మాంసంలోని గట్టి సాగుడు పొరలు 70 డిగ్రీల సెల్సియస్ దాటిన వేడిలోనే నెమ్మదిగా కరగడం మొదలుపెడతాయి. దుంపలను గట్టిగా పట్టి ఉంచే పెక్టిన్ సడలడానికి అంతకంటే ఎక్కువ, 85 డిగ్రీల చుట్టుపక్కల వేడి కావాలి. ఈ పాత్ర ఆ స్థాయికి చేరేసరికే సగం పొద్దు గడిచిపోతుంది. పొయ్యి మీద కూరగాయల కంటే మాంసం ఆలస్యంగా ఉడుకుతుందని జీవితమంతా చూసిన మనకు ఇది తలకిందులుగా తోస్తుంది. అప్పటి నుండి దుంపలను పెద్ద ముక్కలుగా కాక అంగుళం ముక్కలుగా తరిగి, అడుగునా పక్కల వెంటా సర్ది, వాటి పైన మాంసం పెడుతున్నాము. ఈ ఒక్క మార్పుతో సగం చిక్కు విడిపోయింది.

మిగిలిన సగం మన వంటకు సంబంధించినది. మన భాషలో వేగడం, ఉడకడం, మగ్గడం మూడూ వేరు వేరు మాటలు. ఈ పాత్రకు మూడోది ఒక్కటే వచ్చు. ఉల్లిపాయ ఎర్రబడటానికి, అల్లం వెల్లుల్లి ముద్ద పచ్చి వాసన వదలడానికి, కారం నూనెలో కమ్మబడటానికి కావలసిన వేడి, తెర్లే నీళ్ల వేడి కంటే చాలా పైన ఉంటుంది. మూత కింద చెమ్మలో మగ్గే కూర ఎన్ని గంటలున్నా అక్కడికి చేరదు. మొదటి నెలలో మేము చేసిన మేక మాంసం కూరలన్నీ ఇందుకే చెడ్డాయి. ముక్క అద్భుతంగా ఉడికేది, పులుసు మాత్రం ఆసుపత్రి సూపులాగా ఉండేది. గరం మసాలా ఎక్కువ వేసి కప్పిపుచ్చాలని చూస్తే, పది గంటలు నానిన లవంగం, దాల్చినచెక్క ఘాటు మొత్తం కూరను మింగేసింది.

ఇప్పుడు మేము స్థిరపడిన పద్ధతి ఇది. ముందురోజు రాత్రి రెండు పెద్ద ఉల్లిపాయలు సన్నగా తరిగి నూనెలో బాగా ఎర్రగా వేయించి, అందులోనే అల్లం వెల్లుల్లి ముద్ద, పసుపు, కారం, ధనియాల పొడి వేసి నూనె వదిలేదాకా వేపి, చల్లార్చి ఫ్రిజ్‌లో పెడతాము. ఉదయం రెండున్నర పౌండ్ల ఎముకతో కూడిన మేక మాంసానికి ఈ ముద్ద, ఉప్పు పట్టించి, అడుగున బంగాళాదుంపలు, క్యారెట్లు, ముల్లంగి పరచి, మాంసం పైన పెట్టి, కప్పు నీటిలో మూడో వంతు మాత్రమే పోసి లోలో పెడతాము. సాయంత్రం మూత తీశాక చిన్న మూకుడులో నేయి కాచి, కరివేపాకు, నాలుగు మిరియాలు, అర చెంచా గరం మసాలా వేసి ఆ తాలింపు కూరలో కలిపి, కొత్తిమీర చల్లితే భోజనం సిద్ధం. నల్లి ఎముకల్లోని మూలుగ దానంతట అదే జారివస్తుంది. పులుసు చల్లారితే జున్నులా గట్టిపడేంత చిక్కదనం ఎముకల నుండి, మాంసంలో కరిగిన పొరల నుండి దిగుతుంది. ముదురు మేక మాంసం పొయ్యి మీద ఇంత రుచిగా నాకెప్పుడూ కుదరలేదని ఒప్పుకోవాలి. ఇక్కడ ఒక న్యాయమైన ప్రశ్న ఉంది: రాత్రి ఇరవై నిమిషాలు, సాయంత్రం ఐదు నిమిషాలు పొయ్యి దగ్గర నిలబడితే ఇక ఈ పాత్ర మిగిల్చిందేమిటి? ఇది కాలాన్ని మిగల్చదు, మనిషి కాపలాను మిగులుస్తుంది. రెంటినీ ఒకటిగా చూపి అమ్మే ప్రకటనలతోనే నాకు పేచీ.

కూరగాయల విషయంలో అన్నీ బంగాళాదుంపలంత బుద్ధిగా ఉండవు. దోసకాయ మాంసం చేయబోతే దోసకాయ ఆనవాలే మిగలలేదు. ములక్కాడలు ఉదయమే వేస్తే సాయంత్రానికి పీచు పీచుగా విడిపోయి, పులుసులోంచి ఏరుకోవలసి వచ్చింది. ఆనపకాయ, బీన్సు, పచ్చి బఠాణీ వంటివి కూడా చివరి అరగంట, ముప్పావు గంటలో హైలో వేయవలసినవే. అంటే సెలవు రోజులకే సరిపడతాయి. చామదుంప, కంద, టర్నిప్ మాత్రం చక్కగా నిలిచాయి. పులుపుతో మరో ఇబ్బంది ఉంది. చింతపండు గానీ, టమాటాలు గానీ మొదటే పడితే దుంపలు మెత్తబడటం ఇంకా ఆలస్యమవుతుంది. ఒకసారి తొమ్మిది గంటల తరువాత కూడా బంగాళాదుంపలు గట్టిగానే ఉండటం చూశాను. గోంగూర మాంసం చేసిన రోజు దుంపలు మానేసి, గోంగూరను విడిగా మగ్గించి చివర కలపడమే మేలు. పెరుగు, కొబ్బరి పాలు కూడా ఆఖరునే. ముందు పోస్తే విరిగిపోతాయి.

నీరు తక్కువ పోయడం చేతికి అలవాటు కావడానికి కొంత కాలం పడుతుంది. గాజు మూతకు తగిలిన ఆవిరి మళ్లీ గిన్నెలోకే జారుతుంది కాబట్టి ఏదీ ఇగరదు. పైగా మాంసం, ఉల్లిపాయ వదిలే నీరే ఒక గిన్నెడు ఉంటుంది. ఇగురు తినాలనుకునేవారు చివరలో పులుసును వేరే బాణలిలో పోసి దగ్గరకు రానివ్వాలి. మధ్యలో మూత తీసి చూడాలన్న ఆత్రం కూడా అణచుకోవాలి: తీసిన ప్రతిసారీ పోయిన వేడిని తిరిగి కూడగట్టుకోవడానికి ఇరవై నిమిషాలో అరగంటో పడుతుంది.

కోడి మాంసానికి నేను దీన్ని సిఫారసు చేయను. ఎముకతో ఉన్న తొడ ముక్కలు నాలుగైదు గంటలకు బాగుంటాయి, ఎముక లేని రొమ్ము ముక్కలు మాత్రం పులుసులో మునిగి ఉండి కూడా పొడి పొడిగా, నార నారగా తయారవుతాయి. కరిగి తేమనిచ్చే పొరలు వాటిలో లేకపోవడమే కారణం. అన్నం ఇందులో వండే ప్రయత్నం అసలు వద్దు.

జాగ్రత్తల విషయంలో మొహమాటం పనికిరాదు. గడ్డకట్టిన మాంసాన్ని నేరుగా వేయకూడదు. 4 నుండి 60 డిగ్రీల సెల్సియస్ మధ్య సూక్ష్మజీవులు వేగంగా పెరుగుతాయి, గడ్డకట్టిన ముక్క ఆ మధ్య స్థాయిలో గంటల కొద్దీ ఉండిపోతుంది. ఇదే కారణంతో రాత్రి మాంసాన్ని సగం వేయించి దాచడం కూడా మంచిది కాదు, మసాలా వరకే వేపుకోవాలి. మాంసంలో రాజ్మా గింజలు కలిపే అలవాటున్నవారు వాటిని నానబెట్టి, ఆ నీరు పారబోసి, పొయ్యి మీద అరగంట తెర్లనిచ్చాకే వేయాలి. పచ్చి రాజ్మాలో ఉండే విషపదార్థం తెర్లే నీటిలోనే నశిస్తుంది, తక్కువ వేడిలో అది పోదు. ఫ్రిజ్‌లోంచి తీసిన పింగాణీ గిన్నెను వెంటనే వేడి తొట్టిలో పెడితే పగిలే ప్రమాదమూ ఉంది.

ఇక వస్తువులో లోపాలు. మా పాత్రకు టైమర్ లేదు, అది నా అసలు ఫిర్యాదు. ఎనిమిది గంటల వంట మేము ఇల్లు చేరేసరికి పదిన్నర గంటలవుతుంది. ముదురు మేక దీనికి తట్టుకుంటుంది. లేత గొర్రె భుజం తట్టుకోలేక నూలు పోగులయ్యింది. గోడ ప్లగ్గుకు విడిగా టైమర్ తగిలించి రెండున్నర గంటలు ఆలస్యంగా మొదలయ్యేలా చేయవచ్చని ఎవరో సలహా ఇచ్చారు, కానీ అంతసేపు పచ్చి మాంసాన్ని చల్లటి గిన్నెలో వదిలేయడమే దాని అర్థం. నిర్ణీత సమయం కాగానే తానే వార్మ్‌కు మారే రకం కాస్త ఖరీదైనా అదే కొనాలి. గిన్నె బరువు నిండుగా ఉన్నప్పుడు ఒక్కరు ఎత్తగలిగేది కాదు, బయటి లోహం చేయి పెట్టలేనంత వేడెక్కుతుంది. శుభ్రం చేయడం మాత్రం తేలిక; రాత్రంతా నీళ్లు పోసి ఉంచితే ఉదయానికి మెత్తటి పీచుతో పోతుంది, అయినా పసుపు మరక అంచున శాశ్వతంగా ఉండిపోయింది. అడుగున ఉన్న చీటీ ప్రకారం ఇది 240 వాట్లు తీసుకుంటుంది, ఎనిమిది గంటలకు రెండు యూనిట్ల లోపే.

ప్రెషర్ కుక్కర్ ఉండగా ఇది ఎందుకని మా అత్తయ్య ఫోనులో ప్రతిసారీ అడుగుతారు. ఆమె అన్నదాంట్లో నిజముంది. 120 డిగ్రీల దగ్గర ఆవిరి ఒత్తిడిలో అదే మాంసం అరగంటలో ఉడుకుతుంది, సాయంత్రం మనిషి ఇంట్లో ఉండే కుటుంబానికి అదే చాలు. ఇద్దరూ పగలంతా బయట ఉండి, ఎముక మాంసం ఇష్టపడి, రాత్రి మసాలా వేపుకోవడానికి సిద్ధంగా ఉన్నవారికే దీన్ని చెబుతాను. నలుగురికి 6 క్వార్ట్‌లు సరిపోతుంది. ఇద్దరే అయితే 4 క్వార్ట్‌లది తీసుకోవాలి, ఎందుకంటే గిన్నె సగానికి పైగా నిండకపోతే పక్కల ఉన్న కూర ఎండి అంచులకు అంటుకుంటుంది.