జస్విత, యశ్విత, యశస్విని: ఏది మేలు?

మా విజయనగరం జిల్లా చీపురుపల్లి వైపు ఇప్పుడు వీధికో జస్విత ఉంది. కొందరు జశ్విత అంటారు, కొందరు జష్విత, ఇంకొందరు యశ్విత. బడిలో అడ్మిషన్ల పని చూసేవాణ్ణి కాబట్టి, ఎవరింట బారసాల దగ్గరపడినా నాకు ఫోను వస్తుంది. "మాస్టారూ, జె పెట్టమంటారా, వై పెట్టమంటారా? చివర రెండు 'ఏ'లు ఉంటే కలిసొస్తుందంటున్నారు, నిజమేనా?" అందరికీ కలిపి ఒకేసారి చెప్పేస్తాను.

ముందు అర్థం సంగతి. మూడింటికీ మూలం యశస్సే, అంటే కీర్తి. యశస్సు కలది యశస్విని. నిఘంటువులో ఉన్న మాట, రామాయణంలో సీతమ్మకు వాడిన మాట. యశ్విత అలా కాదు. యశస్సు నుంచి యశస్విని, యశస్వతి వస్తాయి గానీ వ్యాకరణం ప్రకారం యశ్విత రాదు. అన్విత లాంటి పేర్లలో చివర వినిపించే 'విత' బాగుందని తెచ్చి యశ్‌కి అతికించారు. నిజానికి అన్వితలోనూ 'విత' అనే ముక్క వేరే లేదు. అను, ఇత కలిసి అన్విత అయింది. జస్విత ఇంకాస్త దూరం తిరిగొచ్చింది. ఉత్తరాదిన య చాలాచోట్ల జ అవుతుంది. యశ్వంత్ అక్కడ జస్వంత్ అయినట్టే యశస్సు జస్ అయింది, దానికి మనవాళ్లు ఈ 'విత' తగిలించారు. కాబట్టి ఏ పేర్ల సైట్లోనో జస్విత అంటే లక్ష్మీదేవి అనో చిరునవ్వు అనో కనిపిస్తే నవ్వుకుని వదిలేయండి. కొత్తగా కల్పించుకున్న పేరు పెట్టుకోవడంలో తప్పేమీ లేదు, లేని అర్థం చెప్పుకోకపోతే చాలు.

జె వైపు ఇంతమంది మొగ్గడానికి నక్షత్రం కూడా ఒక కారణం. జ్యేష్ఠ రెండో పాదానికి 'యా', ఉత్తరాషాఢ మూడో పాదానికి 'జా' అని పంతులుగారు చెబుతారు. ఆ పట్టింపు ఉన్న ఇంట్లో జె నా వై నా అనే ప్రశ్నే లేదు.

ఇక రెండు 'ఏ'ల కథ. సంఖ్యాశాస్త్రంలో ఖాల్దియన్ పద్ధతి అని ఒకటుంది. అందులో జె, ఏ, ఐ, వై అన్నీ 1. ఎస్ 3, టి 4, హెచ్ 5, వి అయినా డబ్ల్యూ అయినా 6. జె-ఏ-ఎస్-డబ్ల్యూ-ఐ-టి-హెచ్-ఏ కూడితే 22, అంటే 4. నాలుగు మంచిది కాదంటారు. చివర ఇంకో 'ఏ' వేస్తే 23, అంటే 5, దోషం పోయింది! సరే, అదే పేరుని పైథాగరస్ పద్ధతిలో ఏకి 1, బికి 2 అంటూ వరుసగా, తొమ్మిది దాటగానే మళ్లీ 1 నుంచి లెక్కేస్తే 28 వస్తుంది. రెండూ ఎనిమిదీ పది, చివరికి 1. ఒకటి భేషైన సంఖ్య. అక్షరం కదపకుండానే దోషం పోయిందన్నమాట. ఖాల్దియన్‌లో జెకీ వైకీ ఒకే అంకె కాబట్టి, ఆ రెండిట్లో ఏది పెట్టాలో చెప్పమని సంఖ్యాశాస్త్రం వాళ్లకి ఫీజు కట్టడం కూడా దండగే.

నా దృష్టిలో అసలు తేల్చేది వేరే. కౌంటర్ దగ్గర మీరు పేరు చెబితే, ఎదుటి మనిషి మళ్లీ అడక్కుండా సరిగ్గా రాయగలడా? అంతే. అర్థం ఇంట్లో చెప్పుకుంటాం, సంఖ్య ఎవరికీ కనపడదు, స్పెల్లింగ్ మాత్రం పిల్లతో పాటు ప్రతి ఆఫీసుకీ వెళ్తుంది.

మా బడిలో ఒక పాప ఉంది. జనన ధ్రువపత్రంలో చివర రెండు 'ఏ'లు. ఆధార్ తీసినచోట ఆపరేటర్ విన్నది విన్నట్టు ఒక్క 'ఏ' కొట్టాడు. అతని తప్పేముంది, వినపడని అక్షరాన్ని ఎలా రాస్తాడు? అపార్ ఐడీకి, అంటే బడిపిల్లలకి ఇచ్చే గుర్తింపు సంఖ్యకి, బడి రికార్డులో పేరు, ఆధార్‌లో పేరు ఒకటే ఉండాలి. ధ్రువపత్రం చూసి మేం రెండు 'ఏ'లు ఎక్కించాం, ఐడీ రాలేదు. వాళ్ల నాన్న చెన్నైలో తాపీపని చేస్తాడు. ఆ ఒక్క అక్షరం కోసం పని మానుకుని వచ్చి ఆధార్ కేంద్రం దగ్గర లైన్లో నిలబడ్డాడు. ఆధార్‌లో పేరు మార్చుకోవడానికి జీవితంలో రెండే అవకాశాలు. ఒకటి బడిలో చేరేటప్పుడే ఖర్చయిపోయింది.

ఇది మన జిల్లాలకి కొత్త బాధేం కాదు. విజయనగరంలో 'జ'కి జెడ్ వేసి ఇంగ్లీషులో విజియానగరం చేశారు. శ్రీకాకుళాన్ని తెల్లవాళ్లు చికకోల్ అని రాసుకున్నారు. 2000 సిడ్నీ ఒలింపిక్స్‌లో కాంస్యం తెచ్చిన ఊసవానిపేట అమ్మాయి మల్లీశ్వరి ఇంటిపేరు కరణం. ఇంగ్లీషులో నడుమ ఒక 'ఏ' లేకపోవడంతో బయటివాళ్ల నోట కర్ణం అయింది. ఊళ్లకీ ఒలింపిక్ పతకానికీ అది చెల్లింది గానీ ఒకటో తరగతి పిల్లకి చెల్లదు.

ఆ లెక్కన చూస్తే మూడింట్లో యశ్విత వెనకబడుతుంది. అటు నిఘంటువు అండ లేదు, ఇటు 'శ్వ' సరిగ్గా వినపడదు. గబగబా చెబితే అశ్విత అనుకుంటారు. మా ఇంటి పక్క మామ్మ మనవరాలి పేరు విని "అదేటి పేరే, నోరు తిరగదు గానీ" అని ఆ రోజు నుంచీ బుజ్జి అనే పిలుస్తోంది. మనసు అడిగితే నేను యశస్వినే అంటాను. అర్థానికి తిరుగులేదు, నాలుగు కాలాలు నిలిచే పేరు. కానీ ఇంగ్లీషులోకి వచ్చేసరికి మొదటి 'శ'కి ఉత్త ఎస్సా, ఎస్-హెచ్చా, తర్వాత వీనా, డబ్ల్యూనా అని రెండుచోట్ల ఆగాలి. జస్వితకి ఆ అనుమానం 'వ' దగ్గరొక్కటే. అందుకే యశస్విని పెట్టేవాళ్లు ఒక స్పెల్లింగ్ కాగితం మీద రాసుకుని ఎక్కడికెళ్లినా అదే చూపించండి. అంత ఓపిక లేదంటే జస్విత, ఒకే 'ఏ'తో. 'త'కి టి-హెచ్ ఉంచండి. ఉత్త టి రాస్తే మనవాళ్లు 'ట' అని చదువుతారు.

జస్మిత, యశ్న, జష్ణవి గురించీ అడుగుతున్నారు. విని రాయగలిగితే సరే, లేకపోతే వద్దు. పైడితల్లమ్మ మొక్కు ఉందని ముందు పైడి చేర్చాలనుకుంటే హాయిగా చేర్చండి, అయితే అన్ని కాగితాల్లోనూ చేర్చండి.

తొందరపడకండి కూడా. పుట్టిన 21 రోజుల్లో జననం నమోదు చేయిస్తే చాలు, పేరు లేకుండానే చేయించొచ్చు. ఏడాదిలోపు వెళ్లి పేరు రాయిస్తే రుసుం ఉండదు. 2023 అక్టోబర్ 1న గానీ ఆ తర్వాత గానీ పుట్టినవాళ్లకి బడికైనా, పాస్‌పోర్టుకైనా, ఉద్యోగానికైనా పుట్టినతేదీ రుజువు ఆ ధ్రువపత్రమే. అందుకే ప్రింటు తీసుకునే ముందు ఒక్కో అక్షరం వేలు పెట్టి చదువుకోండి. ఇంటిపేరుని పొడి అక్షరంగా వదలకుండా పూర్తిగా రాయించండి, పాస్‌పోర్టులో పొడి అక్షరాలు ఒప్పుకోరు.