మెలియెస్ సినిమాల డీవీడీ సెట్, కొనొచ్చా?

తొలినాళ్ళ ఫ్రెంచ్ ట్రిక్కు సినిమాల దర్శకుడు జార్జ్ మెలియెస్ 1896 నుంచి 1913 దాకా తీసిన వాటిలో దొరికిన 173 సినిమాలు ఐదు డిస్కుల్లో పెట్టి 2008లో వదిలిన సెట్ ఇది, మొత్తం 13 గంటలు. యూట్యూబ్‌లో ఊరికే దొరుకుతుంటే డబ్బులెందుకు అంటారేమో, వరస కోసం అండీ. ఏ ట్రిక్కు తర్వాత ఏ ట్రిక్కు పట్టాడో ఇందులో తేటగా తెలిసిపోద్ది.

కెమెరా ఆపి మనుషుల్ని మార్చే ట్రిక్కు ఈయనకెలా దొరికిందో కథ వినే ఉంటారు, పారిస్‌లో ఒపెరా దగ్గర వీధిని షూట్ చేస్తుంటే కెమెరాలో ఫిల్ము ఇరుక్కుంది, సరిచేసి మళ్ళీ తిప్పేలోపు రోడ్డు మీద జనం మారిపోయారు, తీరా తెర మీద వేసి చూస్తే గుర్రాల బస్సు కాస్తా శవాల బండి అయిపోయింది, మగాళ్ళు ఆడాళ్ళయిపోయారు! ఇది ఆయనే తర్వాత రాసుకున్నాడు. నేనైతే సగమే నమ్ముతా. 1895లోనే ఎడిసన్ వాళ్ళు స్కాట్లండ్ రాణి మేరీ తల నరికే సీన్‌లో కెమెరా ఆపి మనిషి ప్లేసులో బొమ్మని పెట్టారు. పైగా ఈయన అసలు వృత్తే మ్యాజిక్, కథ అల్లడం రాదా ఏంటి.

సరే యాక్సిడెంటో కాదో, మొదటి డిస్కులో 1896 నాటి ‘మాయమయ్యే లేడీ’ సినిమా మాత్రం పాజ్ చేస్తూ చూడండి. గుడ్డ కప్పి తీస్తే ఆవిడ లేదు, ఆ కుర్చీలో అస్థిపంజరం. కెమెరా ఆపితే సరిపోదు, తర్వాత ఫిల్ము కత్తిరించి అతికించాలి, లేకపోతే చెయ్యి ఎగిరినట్టు కనపడుద్ది. పాత ప్రింట్లలో ఆ అతుకులు దొరికాయి కూడా. మన పౌరాణికాల్లో నారదుడు టక్కున ప్రత్యక్షమయ్యేది ఈ కిటుకుతోనే కదా.

1901లో తీసిన ‘రబ్బరు తల’ సినిమా ఇంకా పిచ్చెక్కిస్తది. తల ఉబ్బుతూ పోద్ది గానీ కెమెరా అంగుళం కదల్లేదు, ఈయనే చిన్న బండి మీద కూర్చుంటే వాలు మీద కెమెరా వైపు లాగారంతే.

మైనస్‌లు ఉన్నాయి. ప్రింట్లు కొన్ని బాగా గీతలు, 1923లో ఈయనే నెగెటివ్‌లు తగలబెట్టుకుంటే ఇంకేం మిగులుద్ది. చివరి డిస్కు సాగతీత, పాత ట్రిక్కులే మళ్ళీ మళ్ళీ. వరసపెట్టి చూస్తే బోర్, రోజుకి నాలుగైదు చాలు. చంద్రుడి మీదకెళ్ళే 1902 సినిమా చేత్తో రంగులద్దిన ప్రింటు ఇందులో లేదు, అది 2011లో రిపేరై బయటికొచ్చింది, అదొక్కటే కావాలనుకుంటే విడిగా తీసుకోండి.