మెడిసిన్‌కు ఏది కొనాలి: పాత హారిసనా, కొత్త డేవిడ్సనా?

బెంగళూరులో ఎంబీబీఎస్ చదివే మన రాయలసీమ పిల్లలు వార్డు పోస్టింగులు మొదలుకాగానే నన్ను అడిగేది ఇదే: "సార్, అవెన్యూ రోడ్డులో పాత హారిసన్ రెండు వాల్యూములూ చవగ్గా వస్తున్నాయి. తీసేసుకోమంటారా?" హారిసన్, డేవిడ్సన్ రెండూ జనరల్ మెడిసిన్ పాఠ్యపుస్తకాలు. విక్టోరియా ఆసుపత్రి నుంచి నడిచి వెళ్లే దూరంలోనే ఆ పాత పుస్తకాల అంగళ్లు. ఇంటి నుంచి వచ్చే డబ్బు లెక్క చూసుకునే పిల్లలకు ఆశ పుట్టడం సహజమే.

జబ్బు ఎలా పుడుతుంది, రోగిని ఎలా పరీక్షించాలి అన్నంతవరకు పాతది చాలు. మైట్రల్ స్టెనోసిస్ (గుండె కవాటం ఇరుకైన జబ్బు) రోగిని ఎడమ పక్కకు తిప్పి, స్టెతస్కోపు బెల్ ఆనించి వినే మర్మర్ అనే గుండె శబ్దం ఏ ఎడిషన్‌లోనైనా ఒకటే.

చికిత్స పేజీలకు వచ్చేసరికి సంగతి వేరు. ఉదాహరణకు 2015లో వచ్చిన హారిసన్ 19వ ఎడిషన్‌ను చూడండి; ఆ తర్వాత వచ్చిన మార్పులు అందులో ఉండవు. షుగర్ మందుగా వచ్చిన డాపాగ్లిఫ్లోజిన్, షుగర్ లేని హార్ట్ ఫెయిల్యూర్ (గుండె బలహీనపడిన) రోగులకూ మేలు చేస్తుందని 2019లో రుజువైంది. ఇప్పుడు ఆ జబ్బుకు ఇచ్చే నాలుగు ముఖ్యమైన మందుల్లో అదొకటి. పాత పుస్తకమే చదివిన హౌస్ సర్జన్ డిశ్చార్జి చీటీలో ఆ మందు చూసి, "ఈయనకు షుగర్ లేదే" అని కొట్టేస్తే నష్టపోయేది రోగి. ఇది నాకు చాలా పెద్ద విషయం. కాలేయానికి వచ్చే హెపటైటిస్ సి చికిత్సా మారిపోయింది. ఒకప్పుడు నెలల తరబడి ఇంటర్‌ఫెరాన్ ఇంజెక్షన్లతో జ్వరం, నీరసం పడాల్సి వచ్చేది. ఇప్పుడు చాలామందికి 12 వారాల మాత్రలతో నయమవుతోంది. ఉబ్బసం ఉన్న పెద్దవాళ్లకు సాల్బుటమాల్ ఒక్కటే ఇచ్చి పంపొద్దని, ఇన్‌హేలర్‌లో స్టెరాయిడ్ కూడా ఉండాలని ఉబ్బసంపై అంతర్జాతీయ సంస్థ జీనా మార్గదర్శకాలు 2019లో తేల్చి చెప్పాయి. ఇన్‌ఫెక్షన్ ముదిరి అవయవాలు దెబ్బతినే సెప్సిస్ నిర్వచనం 2016లోనే మారింది. క్షయకు వారానికి మూడు రోజుల మందులు పోయి, 2017 నుంచి మన జాతీయ కార్యక్రమంలో రోజూ మందులు వచ్చాయి.

అందుకే ఒక్క పుస్తకానికే డబ్బున్న విద్యార్థికి నా మాట: కొత్త డేవిడ్సన్ కొనండి. ఒకే వాల్యూము, పరీక్షకు ముందు తిరగేయగలరు. 24వ ఎడిషన్ 2022లో వచ్చింది. హారిసన్ లోతు ఎక్కువే, కానీ ఆ లోతు ఎండీలో చేరాక పనికొస్తుంది. అంతవరకు లైబ్రరీలో కొత్త ప్రతి ఉంటే దాన్ని చూసుకోండి. పాతదే కొంటానంటే ఒక ఎడిషన్ కంటే వెనక్కి వెళ్లొద్దు. కొనేముందు హార్ట్ ఫెయిల్యూర్ చికిత్స పేజీ తెరిచి, డాపాగ్లిఫ్లోజిన్ ఉందో లేదో చూడండి.

ఈ రెండింటి పక్కన ఏపీఐ టెక్స్ట్‌బుక్ కూడా ఉండాలంటాను. హారిసన్ అమెరికాలో, డేవిడ్సన్ ఎడిన్‌బరోలో పుట్టాయి. ఏపీఐ మన ఫిజీషియన్ల సంఘం తెచ్చినది, మన రోగులను చూసినవాళ్లు రాసినది. వేరుశనగ చేలో రక్తపింజర కాటు, పురుగుమందు తాగి నోట నురగతో వచ్చిన మనిషి, శివమొగ్గ అడవుల్లో 1957లో బయటపడ్డ క్యాసనూరు జ్వరం: ఇవన్నీ మన క్యాజువాలిటీకి వచ్చేవి. పురుగుమందు తాగినవాళ్లకు ఊపిరితిత్తుల్లో గురగుర తగ్గేదాకా విరుగుడు మందు అట్రోపిన్ ఎలా పెంచుకుంటూ పోవాలో రాత్రి డ్యూటీకి ముందే చదివి ఉండాలి.

ఫోన్‌లో అప్‌టుడేట్ అనే చందా వైద్య సమాచార యాప్ ఉండగా పుస్తకమెందుకని కొందరంటారు. ఏ ప్రశ్న వేయాలో తెలిసిన డాక్టరుకు దాన్ని మించింది లేదు. విద్యార్థికి ఆ ప్రశ్నే ఇంకా తట్టదు, అది నేర్పేది పుస్తకం. చందా కట్టలేనివాళ్లకు ఐసీఎంఆర్ (భారత వైద్య పరిశోధన మండలి) చికిత్సా వర్క్‌ఫ్లోలు ఉచితంగా దొరుకుతాయి.

ప్రాక్టీసులో ఉన్నవాళ్ల విషయంలో నేను మెత్తబడను. మదనపల్లెలోనో హిందూపురంలోనో క్లినిక్ పెట్టి, చదువుకున్నప్పటి ఎడిషన్‌తోనే నెట్టుకొస్తున్న ఫిజీషియన్ మిత్రులు ఈ ఏడాదే కొత్త హారిసన్ తెప్పించుకోవాలి. ముందు చికిత్స అధ్యాయాలు చదవాలి, ఆ వారం తాము రాసిన చీటీలు పక్కన పెట్టుకుని.