బరువు తగ్గించే ఇండోనేషియా వంటలు: జోగ్జా మేలా, ఉబుద్ మేలా?

డైటింగ్‌లో ఉన్నవాళ్లు ఇండోనేషియా వెళ్తే ఏం తింటారని అందరూ అడిగారు. నాసి గోరెంగ్ (అక్కడి ఫ్రైడ్ రైస్), వేపుళ్లు పక్కన పెడితే అక్కడ ఆవిరి మీద, అరటాకులో, చింతపండు రసంలో వండేవి బోలెడున్నాయి, మా అక్కా నేనూ వాటి కోసమే వెళ్లాం.

జావా దీవిలోని యోగ్యకర్తలో (అక్కడివాళ్లకి జోగ్జా) ప్రవిరోతమన్ వైపు చిన్న హోంస్టే తీసుకున్నాం. గది మామూలుగానే ఉంది, ఫ్యాన్ చప్పుడు, కానీ వంటగది వాడుకోనిచ్చారు, మాకు కావలసింది అదే. పొద్దున్నే బెరింగ్‌హార్జో మార్కెట్‌కి వెళ్తే సోయా గింజల్ని పులియబెట్టి చేసే టెంపే, అరటాకులో చుట్టి, తాజాగా దొరుకుతుంది, విప్పితే సోయా గింజల మధ్య తెల్లటి బూజు దూదిలా పట్టి ఉంటుంది. 100 గ్రాములకి దాదాపు 19 గ్రాముల ప్రొటీన్. వీధిలో దాన్ని పిండిలో ముంచి నూనెలో దేవేస్తారు, మేం మాత్రం పసుపు, వెల్లుల్లి, ధనియాలు నూరి పట్టించి, ఆవిరికి పెట్టి, పెనం మీద ఊరికే కాల్చుకున్నాం. ఇక సాయుర్ ఆసెం! బెంగళూరు వంకాయ, మొక్కజొన్న, పొడుగు చిక్కుళ్లు వేసిన చింతపండు పులుసు, చుక్క నూనె లేదు, పులుపు తినే మన నాలుకకి వెంటనే నచ్చేస్తుంది. గుడెగ్ మాత్రం పనస ముక్కల్ని కొబ్బరిపాలు, తాటిబెల్లంతో గంటల తరబడి ఉడికించేది, రుచి చూసి ఆపేయండి.

బాలి దీవిలోని ఉబుద్‌లో వంట క్లాసు నిజంగా బాగుంది. మార్కెట్ చూపించి, పళ్లెంలాంటి రాతి రోట్లో చిన్న ఉల్లి, పసుపు, దుంపరాష్ట్రం, నిమ్మగడ్డి మాతోనే నూరించారు. ఆ ముద్ద చేపకి పట్టించి అరటాకులో మడిచి, పుల్లతో గుచ్చి, ఆవిరి పట్టాక బొగ్గుల మీద కాల్చారు. ఆకు మాడుతున్న వాసనకే కడుపు నిండిపోయింది, నూనె ఎందుకూ గుర్తే రాలేదు.

కానీ ఉబుద్‌లో 'హెల్తీ' బోర్డు పెట్టిన ఒక కేఫ్‌లో పళ్ల గిన్నె తీసుకుంటే మీద తేనె, గ్రనోలా, ఎండుకొబ్బరి, పైగా బిల్లులో ట్యాక్సు, సర్వీసు చార్జి వేరే. ఆ డబ్బుతో వారుంగ్‌లో (చిన్న స్థానిక హోటల్లో) ఇద్దరం ఊరప్ తినేవాళ్లం, ఉడికించిన ఆకుకూరలు, మొలకల్లో కారంగా కలిపిన తురుము కొబ్బరి, అంతే. పెచెల్ (ఉడికించిన కూరగాయల మీద వేరుశనగ సాస్ పోసేది) తీసుకుంటే సాస్ పక్కన పెట్టమనండి, కేలరీలన్నీ అందులోనే.

జాము అనే మూలికల పానీయం కూడా తాగండి, 2023లో యునెస్కో వారసత్వ జాబితాకెక్కింది. పసుపు, చింతపండు వేసిన కునిట్ ఆసమ్ అడిగి, 'తన్‌పా గులా' అనండి, చక్కెర వేయరు. టీకీ అదే మాట.

నా ఓటు జోగ్జాకే. ఉబుద్‌లో క్లాసుకి ఒక రోజు చాలు, బస మాత్రం పొయ్యి వాడుకోనిస్తారో లేదో ముందే మెసేజ్ పెట్టి అడిగాకే బుక్ చేయండి.