జిన్ దోయ్: ఆరేళ్లు చేశాక చెబుతున్నా, అరిసెల చెయ్యి ఇక్కడ పనికిరాదు

సింగపూర్ వచ్చిన కొత్తలో, చైనీస్ కొత్త సంవత్సరానికి మా ఎదురు ఫ్లాట్ కాంటనీస్ ఆంటీ ఒక డబ్బా ఇచ్చింది. నిమ్మకాయంత ఉండలు, ఒళ్లంతా నువ్వులు. నువ్వుల అరిసె లాంటిదే అనుకుని కొరికాను. పైపొర కరకరమంది, లోపలిది సాగింది, మధ్యలో అంతా గాలి. ఒక మూల ఎర్ర బీన్స్ తీపి ముద్ద. వీటి పేరే జిన్ దోయ్. జిన్ దోయ్ దొర్లితే ఇల్లంతా వెండి బంగారాలే అని కాంటనీస్ వాళ్లలో సామెత ఉందట.

అప్పటినుంచి నెలకోసారైనా చేస్తున్నాను. మొదటి ఏడాది చేసినవి మాత్రం ఎవరికీ పెట్టలేదు.

తొలి తప్పు పిండి దగ్గరే. ఇక్కడ దొరికే థాయ్ పిండి ప్యాకెట్లు ఒకేలా ఉంటాయి. రంగు మాత్రమే తేడా. ఎరుపుది మామూలు బియ్యప్పిండి, ఆకుపచ్చది గ్లూటినస్ రైస్, అంటే జిగురు బియ్యం పిండి. నేను ఎరుపుది తెచ్చాను. వేగాక గోళీకాయల్లా వచ్చాయి. రెండోసారి మన పద్ధతిలో బియ్యం నానబోసి తడిపిండి ఆడించాను, అదీ సాగలేదు. సాగేది జిగురు బియ్యం ఒక్కటే. పేరు చూసి గోధుమలో ఉండే గ్లూటెన్ ఉందేమోనని భయపడక్కర్లేదు, ఇందులో అది ఉండదు.

ఇప్పుడు నా లెక్క ఇది: 200 గ్రాముల పిండి, 70 గ్రాముల చక్కెర, 150 మిల్లీలీటర్ల నీళ్లు. పిండిలోంచి పిడికెడు తీసి, తడిపి, చిన్న బిళ్లగా ఒత్తి మరిగే నీళ్లలో వేస్తాను. పైకి తేలాక తీసి, వేడి మీదే మిగతా పిండిలో వేసి, చక్కెర కరిగించిన వేడినీళ్లు కొద్దికొద్దిగా పోస్తూ కలుపుతాను. చెయ్యి కాలుతుంది, తప్పదు. ఈ ఉడికిన ముద్ద లేకపోతే ఉండ చుడుతుండగానే అంచులు చిట్లుతాయి. పొట్టు తీసిన తెల్ల నువ్వులు పచ్చివే వాడాలి. వేయించినవి నూనెలో మాడి చేదెక్కుతాయి. ఉండను నీళ్లలో ఒక్కసారి ముంచి నువ్వుల్లో దొర్లించి, రెండు అరచేతుల మధ్య గట్టిగా నొక్కాలి. లేదంటే సగం నువ్వులు మూకుడు అడుగునే.

అసలు కథ వేపుడులో ఉంది. బూరెలకు, అరిసెలకు నూనె బాగా కాగాలి కదా, ఇక్కడ అలా కాగితే కొంప మునుగుతుంది. పైపొర ముందే గట్టిపడి, లోపలి ఆవిరికి దారి లేక ఉండ పేలుతుంది. నాకు రెండుసార్లు పేలింది. మోచేతి మీద మచ్చ ఇంకా ఉంది. ఉండ వేసినప్పుడు చిన్న బుడగలు నెమ్మదిగా వచ్చేంత వేడి చాలు. అవి తేలగానే గరిటె వెనక భాగంతో మూకుడు అంచుకి మెల్లగా అదిమి వదలాలి, తిప్పి మళ్లీ అదమాలి. అరిసెను చెక్కల మధ్య నొక్కేది నూనె పిండడానికి. ఇక్కడ నొక్కేకొద్దీ ఉండ ఉబ్బుతుంది! నిమ్మకాయంతది చూస్తుండగానే కమలాపండంత అవుతుంటే పొయ్యి దగ్గర్నుంచి కదలబుద్ధి కాదు. వాయికి పది పన్నెండు నిమిషాలు, చివర్లో మాత్రమే మంట పెంచాలి.

లోపలికి ఎర్ర బీన్స్ మానేసి పెసరపప్పు పూర్ణం పెడుతున్నాను. ఇది నా సొంత తెలివి కాదు, ఇండోనేషియాలో ఇలాంటి నువ్వుల ఉండల్నే ఒండె-ఒండె అంటారు, వాటిలో పెట్టేది అదే. సింగపూర్‌లో ఆ పేరు అడిగితే మాత్రం కొబ్బరికోరు అద్దిన ఆకుపచ్చ ఉండలిస్తారు, చూసుకోండి. మా అమ్మ తెనాలి నుంచి వచ్చినప్పుడు ఒకటి విరిచి, "బూరె బానే ఉందే, పూర్ణమేదీ? ఇంత గాలి ఎందుకు?" అంది. అయినా నాలుగు తిన్నది.

రుచికి వంక పెట్టను. నిలవ విషయంలోనే కోపం. అరిసెలు డబ్బాలో పెడితే వారాలుంటాయి, ఇవి మూడు గంటలకే మెత్తబడతాయి, తెల్లారేసరికి తోలే. ఎయిర్ ఫ్రయ్యర్‌లో 160 డిగ్రీల దగ్గర ఐదు నిమిషాలు పెడితే పైపొర కరకర వస్తుంది గానీ పొంగు రాదు. పచ్చి ఉండలు ఫ్రీజర్‌లో పెట్టి చూశాను, వేయిస్తే చిట్లాయి. అందుకే ఇప్పుడు తినేవాళ్లు వచ్చి కూర్చున్నాకే మూకుడు పెడతాను.